గద్దర్ కి గద్దార్ కి మధ్య ఒక దీర్ఘం

పోయిన సంక్రాంతికి ఇంటికెళ్ళినప్పుడు అటక సర్దుతుంటే ఒక అట్టపెట్టె దొరికింది. నిండా క్యాసెట్లు. ఘంటసాల భగవద్గీత, రెండు మూడు చిరంజీవి సినిమాలు, అడుగున పేరు లేని తెల్ల క్యాసెట్లు నాలుగు. వాటి మీద బాల్ పెన్నుతో 1, 2, 3, 4 అని అంకెలు మాత్రం రాసున్నాయి. ఇవేంటని మా నాయినని అడిగితే, అటూ ఇటూ చూసి (ఇంట్లో ఉన్నది మేం ముగ్గురమే), గొంతు తగ్గించి, "గద్దరువి" అన్నాడు.

నవ్వొచ్చింది నాకు. ఆయన పోయి రెండేళ్ళు దాటింది. ప్రభుత్వమే ఆయన పేరు మీద సినిమా అవార్డులిస్తోంది. అయినా మా నాయిన గొంతు ఇప్పటికీ దానంతటదే తగ్గిపోతోంది. ముప్పయ్యేళ్ళ కిందటి భయం ఇంకా మెమరీలోనే ఉంది, ఎవరూ క్లియర్ చెయ్యలేదు.

మాది పటాన్‌చెరు. నాయిన అక్కడి ఒక మందుల ఫ్యాక్టరీలో కాంట్రాక్టు కూలీగా చేరి, తర్వాత పర్మనెంటై, మొన్నమొన్నటి వరకు షిఫ్టులు చేశాడు. నేను ఇంజనీరింగు చదివి, ఇంటికి అరగంట దూరంలో గచ్చిబౌలిలో కోడు రాసుకుంటున్నాను. నా తరానికి గద్దర్ అంటే యూట్యూబులో ఎర్ర తుండుగుడ్డతో ఎగిరే పెద్దాయన, లేదంటే 2023లో రాహుల్ గాంధీకి స్టేజి మీద ముద్దు పెట్టిన ముసలాయన. అంతకు ముందు యాభయ్యేళ్ళ కథ మాకు పెద్దగా తెలీదు. ఆ నాలుగు క్యాసెట్ల పుణ్యమా అని కొంచెం చదివి, నాయిన్ని కొంచెం విసిగించి తెలుసుకున్నాను. తెలుసుకున్నది మీతో పంచుకుందామని.

ముందుగా ఒక విషయం. ఈయన మా జిల్లావాడే. అసలు పేరు గుమ్మడి విఠల్‌రావు. పుట్టింది 1940ల చివర్లో, తూప్రాన్‌లో, ఒక దళిత కుటుంబంలో. 2016 అక్టోబరులో జిల్లాలు విడగొట్టక ముందు తూప్రాను, పటాన్‌చెరు రెండూ మెదక్ జిల్లాలోవే, ఆ జిల్లాకి కేంద్రం సంగారెడ్డి. అంటే భూమి పట్టా కోసమైనా, కోర్టు వాయిదాకైనా తూప్రాన్ రైతు కూడా సంగారెడ్డికి రావాల్సిందే. ఇదెందుకు చెప్తున్నానంటే, గద్దర్ అనగానే అడవీ, తుపాకీ గుర్తొస్తాయి చాలామందికి. ఆయన పాటలో ఎక్కువగా కనిపించేది మాత్రం మెదక్ మెట్ట పొలం, సికింద్రాబాద్ బస్తీ, రిక్షా తొక్కేవాడు, రాళ్ళు కొట్టేవాడు, పాచి పని చేసే ఆడమనిషి.

ఇంకో విషయం చెప్తే మనవాళ్ళు ఆశ్చర్యపోతారు. ఆయనా మనలాగే ఇంజనీరింగు కుర్రాడే! ఉస్మానియా ఇంజనీరింగు కాలేజీలో చేరాడు. పూర్తి చెయ్యలేదనుకోండి, అది వేరే సంగతి. కాలేజీ రోజుల్లో బుర్రకథ దళం కట్టుకుని ప్రభుత్వ కార్యక్రమాలకి కథలు చెప్పేవాడు. కుటుంబ నియంత్రణ, పొదుపు లాంటి వాటి గురించన్నమాట. సర్కారు తన ప్రచారం కోసం వేదికెక్కించిన కళాకారుడే తర్వాత సర్కారుకి ఇరవయ్యేళ్ళు నిద్ర లేకుండా చేశాడు. చరిత్రకి కూడా కొంచెం హాస్యం తెలుసనిపిస్తుంది ఇలాంటివి చదివినప్పుడు.

బుర్రకథ ఎలా నడుస్తుందో ఈ తరానికి తెలీకపోవచ్చు. మధ్యలో కథకుడు, చేతిలో తంబుర, వేళ్ళకి అందెలు. అటూ ఇటూ ఇద్దరు వంతలు. ఒకడు హాస్యం చెప్తాడు, రెండోవాడు రాజకీయం చెప్తాడు. కథ అల్లూరి సీతారామరాజుదే అయినా, బొబ్బిలిదే అయినా, రాజకీయం చెప్పే వంత మధ్యలో అడ్డుపడి ఈ ఏడాది బియ్యం ధర ఎంతో మాట్లాడొచ్చు. అంటే పాత కథలోకి ఇవాళ్టి వార్త దూర్చడానికి ఫార్మాట్‌లోనే ఒక స్లాట్ వదిలిపెట్టారు మన పూర్వీకులు. 1943లో మొదలైన ప్రజానాట్యమండలి కనిపెట్టింది ఈ స్లాటునే. షేక్ నాజర్ లాంటి మహానుభావుడు దాంతో కోస్తా అంతా ఊపేశాడు. ఇటు తెలంగాణలో సాయుధ పోరాటం రోజుల్లో సుద్దాల హనుమంతు గొల్లసుద్దుల్ని, పల్లె బాణీల్ని పట్టుకుని ఇదే పని చేశాడు. సుంకర, వాసిరెడ్డి రాసిన మాభూమి నాటకం 1947లో వస్తే 1948 కల్లా మద్రాసు ప్రభుత్వం నిషేధించింది. కాబట్టి గద్దర్ ఆకాశం నుంచి ఊడిపడలేదు. ఆయన వెనక అప్పటికే పాతికేళ్ళ పాటల వారసత్వం ఉంది. దాన్ని ఫోర్క్ చేసుకుని కొత్త వెర్షన్ తీశాడు.

ఆ కొత్త వెర్షన్ కథ 1970ల మొదట్లో మొదలైంది. బి. నర్సింగరావు (తర్వాత రంగుల కల, దాసి తీసిన దర్శకుడు, ఈయనా మెదక్ జిల్లావాడే) అప్పుడు ఆర్ట్ లవర్స్ అని ఒక సంస్థ నడుపుతున్నాడు. విఠల్‌రావు బుర్రకథ చూసి పిలిపించుకున్నాడు. పాత కథలు సరే, చుట్టూ ఉన్నవాళ్ళ మీద నువ్వే పాట కట్టమన్నాడు. కట్టాడు, ఒక రిక్షావాడి మీద. ఆ ఆర్ట్ లవర్సే 1972లో జననాట్యమండలి అయింది. ఆయన పాటల మొదటి సంకలనానికి గద్దర్ అని పేరు పెట్టారు. జనం ఆ పేరుని పుస్తకం మీంచి తీసి మనిషికి తగిలించేశారు.

ఆ పేరు ఎక్కడిదో తెలుసా? 1913లో అమెరికా పడమటి తీరంలో, కలప మిల్లుల్లోనూ పొలాల్లోనూ పనిచేసే పంజాబీ వలస కూలీలు గదర్ పార్టీ పెట్టారు. శాన్‌ఫ్రాన్సిస్కో నుంచి గదర్ అనే పత్రిక నడిపారు. బ్రిటిషువాళ్ళ మీద తిరగబడదామని వందల మంది అమెరికాలో పనులు వదులుకుని ఓడలెక్కి వెనక్కొచ్చారు, చాలామంది ఉరికంబమెక్కారు. అదే తీరంలో ఇవాళ మనవాళ్ళు గ్రీన్ కార్డు లైన్లో నిలబడి ఉన్నారు. పోల్చడం తప్పేలెండి, కానీ నాకు ఠక్కున అదే తట్టింది :)

గదర్ అంటే ఉర్దూలో తిరుగుబాటు. మన తెలుగు నోట్లో పడి దకి ఒత్తు వచ్చి గద్దర్ అయింది. దానికి ఒక దీర్ఘం తగిలిస్తే గద్దార్. అంటే ద్రోహి. ఈ దీర్ఘం సంగతి గుర్తుపెట్టుకోండి, చివర్లో మళ్ళీ వస్తుంది.

1975లో ఆయనకి కెనరా బ్యాంకులో గుమస్తా ఉద్యోగం వచ్చింది, అదే ఏడాది పెళ్ళి. అప్పట్లో బ్యాంకు ఉద్యోగమంటే ఇప్పటి సాఫ్ట్‌వేర్ ఉద్యోగం కన్నా ఒక మెట్టు పైనే. నెల నెలా జీతం, పెన్షను, పిల్లనిచ్చే మామల క్యూ. దళిత కుటుంబం నుంచి వచ్చినవాడికైతే అది ఒక తరం మొత్తం ఎక్కిన మెట్టు. దాదాపు తొమ్మిదేళ్ళు పగలు కౌంటర్లో లెక్కలు, సాయంత్రం బస్తీలో పాటలు. ఈ మధ్యలోనే గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో నర్సింగరావు నిర్మించిన మాభూమి సినిమా వచ్చింది. భారీ సెట్టింగులేవీ లేని సినిమా అది. అందులో సాయుధ పోరాట కాలంలో బండి యాదగిరి అనే గెరిల్లా కవి కట్టిన పాటని గద్దర్ పాడాడు. నిజాం మీదా, దొర మీదా కట్టిన ఆ పాట ముప్పయ్యేళ్ళు జనం నోళ్ళలో నాని, ఈ గొంతుతో రాష్ట్రం మొత్తం తిరిగింది. ఇప్పటికీ చాలామంది అది గద్దర్ రాసిందే అనుకుంటారు. కాదు. రాసింది బండి యాదగిరి. చిన్న విషయమే, కానీ పాట కట్టినవాడికి దక్కాల్సిన పేరు దక్కాలి కదా.

1984లో ఆ ఉద్యోగానికి రాజీనామా చేశాడు. అప్పటికి ఇంట్లో భార్య విమల, ముగ్గురు పిల్లలు.

ఇక్కడ కాస్త ఆగుతాను. మనం ఆఫీసులో కాఫీ మిషన్ దగ్గర రోజూ రాజీనామా చేస్తుంటాం. నోటితో. "ఈ అప్రైజల్ అయ్యాక చూడు మామా, పేపర్లు పెట్టేస్తా" అని. ఇల్లు, ఈఎంఐ, స్కూలు ఫీజు గుర్తొచ్చి సీట్లోకొచ్చి కూర్చుంటాం. నేను గద్దర్ రాజకీయాలతో ఏకీభవించను, ఎందుకో కింద చెప్తాను. కానీ ఒక మనిషి తాను నమ్మినదానికి ఎంత చెల్లించాడో చూస్తే, వాదన పెట్టుకునే ముందు లేచి నిలబడాలనిపిస్తుంది.

1985 జూలై 17న ప్రకాశం జిల్లా కారంచేడులో ఆరుగురు దళితుల్ని చంపేశారు. ఆ హత్యాకాండ మీద గద్దర్ ఊరూరా పాడుతూ తిరిగాడు. పోలీసులు వెతకడం మొదలుపెట్టారు. ఆ తర్వాత ఆయన అజ్ఞాతంలోకెళ్ళిపోయాడు. 1990 దాకా బయటి ప్రపంచానికి కనబడలేదు. మహారాష్ట్ర, మధ్యప్రదేశ్, బీహార్, ఒరిస్సా తిరిగాడు.

మా నాయిన క్యాసెట్లు ఆ కాలం చివర్లోవి. మనిషి కనబడకుండా పోయాక కూడా గొంతు బయటే తిరిగింది. దీనికి కారణం టెక్నాలజీ. ఆ రోజుల్లో రేడియో ప్రభుత్వానిది, టీవీ ప్రభుత్వానిది, పేపర్లు పెద్దోళ్ళవి. క్యాసెట్ మాత్రం ఎవరిదీ కాదు. రెండు డెక్కులున్న టేప్‌రికార్డర్ బస్తీలో ఒక్క ఇంట్లో ఉంటే చాలు, రాత్రికి నాలుగు కాపీలు. కాపీ చేసిన ప్రతిసారీ గర్రు గర్రుమనే శబ్దం పెరుగుతుంది. నాయిన దగ్గరున్న నాలుగో నంబరు క్యాసెట్లో పాట కన్నా ఆ గర్రే ఎక్కువ. అయినా మాట తెలుస్తుంది. ఎందుకు తెలుస్తుందంటే, బాణీ ముందే తెలుసు కాబట్టి.

ఆయన పనితనం అసలు ఇక్కడే ఉంది. గద్దర్ బాణీలు చాలావరకు కొత్తవి కావు. జోలపాట, నాట్లేసేటప్పటి పాట, బతుకమ్మ పాట, ఏడుపు పాట, జాతరలో జోగు పాట... ఇవన్నీ వినేవాళ్ళ ఒంట్లో ముందే ఉన్నాయి. నేర్చుకోనక్కర్లేదు. ఆయన చేసిందల్లా వాటిలో మాటలు మార్చడం. మన భాషలో చెప్పాలంటే ప్రోటోకాల్ అదే, పేలోడ్ మారింది. చదువు రాని మనిషి కూడా ఒకసారి విని, ఇంటికెళ్ళి పక్కింటామెకి పాడి వినిపించగలదు. తన పాటలన్నీ మా అమ్మ లచ్చుమమ్మ దగ్గర నేర్చుకున్నవే అని ఆయన ఎప్పుడూ చెప్పుకునేవాడు.

ఇక ఆట. మోకాళ్ళ పైకి గోచీ బిగించిన ధోతీ, చొక్కా లేని ఒంటి మీద నల్ల గొంగడి, కాళ్ళకి గజ్జెలు, చేతిలో కర్ర, దాని చివర ఎర్ర గుడ్డ. వెనక డప్పు. పక్కన దివాకర్, డప్పు రమేష్ లాంటి జతగాళ్ళు. ఆ గొంగడి ఒక్కటే ఎన్ని వేషాలేసేదో! భుజానికేస్తే గొర్లకాపరి, నెత్తి మీద కప్పితే ముసలమ్మ, చేతుల్లో చుట్టి పట్టుకుంటే చచ్చిపోయిన బిడ్డ. పాట మధ్యలో ఆపి జనంతో మాట్లాడతాడు, ప్రశ్నలడుగుతాడు, తిడతాడు, నవ్విస్తాడు, నవ్వు ఆగకముందే ఏడిపిస్తాడు. నాలుగు నిమిషాల పాట నలభై నిమిషాలవుతుంది. అందుకే స్టూడియో రికార్డింగులు వింటే ఆయన సగమే తెలుస్తాడు.

1990 ఫిబ్రవరిలో చెన్నారెడ్డి ప్రభుత్వం నిర్బంధం సడలించాక ఆయన బయటికొచ్చాడు. నిజాం కాలేజీ గ్రౌండులో సభ పెడితే జనం లక్షల్లో వచ్చారంటారు. మా నాయిన ఆ సభకెళ్ళాడు. అప్పటికి ఆయనకి ఇరవై రెండేళ్ళు. ఫ్యాక్టరీలో నైట్ షిఫ్ట్ ఎగ్గొట్టి, తోటి కుర్రాడొకతనితో కలిసి ఇసుక లారీ ఎక్కి వెళ్ళాడట.

"ఎట్లుండె నాయినా?" అని అడిగాను.

"ఏం చెప్పాలె బిడ్డా. మైకు సరిగ్గ ఇనవడలె. మనిషి అంగుష్టమంత కనవడె. అయినా గా పొద్దు నేను కూలోన్నని యాదికి రాలె" అన్నాడు.

ఈ మాట చాలాసేపు నా తలలో తిరిగింది. పటాన్‌చెరు ఎలాంటిదో తెలిస్తే దాని బరువు తెలుస్తుంది. 1960ల్లో రామచంద్రాపురంలో బీహెచ్ఈఎల్ వచ్చింది. 1972లో ఇక్రిశాట్ వచ్చింది. 1980లో మెదక్ నుంచి ఇందిరాగాంధీ లోక్‌సభకి గెలిచింది. ఆ చుట్టుపక్కల కాలంలో పటాన్‌చెరు, బొల్లారం, పాశమైలారం వైపు మందుల, రసాయనాల కంపెనీలు వరస కట్టాయి. ఉద్యోగాలొచ్చాయి, అబద్ధం ఎందుకు, నా చదువు ఆ డబ్బులతోనే. దాంతోపాటు నక్కవాగు రంగు మారింది. వాగు నీళ్ళతో పండిన పొలాలు పోయాయి. రైతుల తరఫున 1990లోనే సుప్రీంకోర్టులో కేసు పడింది. 2007లో స్వీడన్ శాస్త్రవేత్తలు పటాన్‌చెరు ఉమ్మడి శుద్ధి కేంద్రం నుంచి "శుద్ధి చేసి" వదిలిన నీళ్ళని పరీక్షిస్తే, లీటరుకి 31 మిల్లీగ్రాముల దాకా సిప్రోఫ్లాక్సాసిన్ తేలింది. ఆ మందు వేసుకున్న రోగి రక్తంలో ఉండే మోతాదు కన్నా అది ఎక్కువ! ఇలాంటి చోట కాంట్రాక్టు కూలీ అంటే రిజిస్టర్లో పేరు కూడా సరిగ్గా ఉండని మనిషి. అలాంటివాడికి ఒక సాయంత్రం తాను కూలీనన్న సంగతే గుర్తు రాలేదంటే, ఆ పాట అతనికి ఏం ఇచ్చిందో నేను లెక్కకట్టలేను.

అయితే ఆ సభకి నాయినతో వెళ్ళిన ఇంకో కుర్రాడు ఉన్నాడన్నాను కదా. అతను మరుసటి ఏడాది పని మానేసి అడవిలోకెళ్ళిపోయాడు. నాలుగేళ్ళకి పేపర్లో ఎదురుకాల్పుల వార్తలో పేరొచ్చింది. వాళ్ళమ్మ ఇంకా మా వీధి చివరే ఉంటుంది.

నాకు పేచీ అంతా ఇక్కడే. పాటకి అంత బలం ఉన్నప్పుడు దానికి బాధ్యత కూడా అంతే ఉంటుంది. గద్దర్ పాటలు విని ఎంతమంది పిల్లలు తుపాకీ పట్టారో! వాళ్ళు చనిపోతే ఆ చావుల మీద మళ్ళీ ఆయనే గుండె పగిలేలా పాడాడు. ఆ పాటలు విని ఇంకొంతమంది వెళ్ళారు. ఈ లూప్‌కి బ్రేక్ కండిషన్ ఎక్కడుంది? అవతలి వైపూ పేదవాళ్ళే చచ్చారు. హోంగార్డులు, కానిస్టేబుళ్ళు, ఇన్‌ఫార్మర్లన్న అనుమానంతో చంపబడ్డ పల్లెటూరివాళ్ళు. వాళ్ళ మీద పాట లేదు. పార్టీ కోసం పాడే గాయకుడికి ఈ చిక్కు తప్పదు. తన పక్షం చేసిన తప్పు మీద గొంతు లేవదు.

"ఇదంతా ఆయన తప్పే అంటవా?" అని నాయిన అడిగాడు. నేను తడుముకున్నాను. "ఆని ఎవ్వడు తోల్కపోలె. ఆడ పని చేస్తుంటే వాని చెయ్యి కాలింది, ఒక్కడు పట్టించుకోలె. గా కోపం పాట పెట్టింది కాదు. పాట గా కోపానికి పేరు పెట్టింది" అన్నాడు. నా దగ్గర జవాబు లేదు. ఇప్పటికీ లేదు.

1992లో ప్రభుత్వం పీపుల్స్‌వార్‌ని, దాని అనుబంధ సంఘాల్ని నిషేధించింది. క్యాసెట్ మీద పేరుకి బదులు అంకెలు రాసుకోవడం అప్పటి నుంచేనట.

1997 ఏప్రిల్ 6న అల్వాల్ దగ్గర వెంకటాపురంలోని ఇంట్లో గద్దర్ మీద కాల్పులు జరిగాయి. మామూలు బట్టల్లో వచ్చినవాళ్ళు కాల్చి పారిపోయారు. ఆయన బతికాడు. ఒక బుల్లెట్ వెన్నెముక దగ్గరే ఉండిపోయింది. తీస్తే ప్రాణానికే ప్రమాదమని డాక్టర్లు వదిలేశారు. మిగిలిన ఇరవయ్యారేళ్ళూ దాంతోనే ఎగిరాడు, దాంతోనే పాడాడు. పోలీసుల పనేనని ఆయనా, పౌరహక్కుల వాళ్ళూ ఆరోపించారు. పోలీసులు కాదన్నారు. ఎవరికీ శిక్ష పడలేదు.

నేను పుట్టింది ఆ సంవత్సరమే. తర్వాతి ఏడాది నవంబరులో సైబర్ టవర్స్ ప్రారంభమైంది. మన హైదరాబాద్ కథ మనం ఎప్పుడూ సైబర్ టవర్స్ నుంచే మొదలుపెడతాం కదా. అదే నగరంలో, ఏడాదిన్నర ముందు, పాట పాడేవాడి ఇంటికెళ్ళి తుపాకీతో కాల్చారు. ఈ రెండూ ఒకే హైదరాబాద్ చరిత్ర. 1999లో భువనగిరిలో బెల్లి లలిత అనే పాటగత్తెని, నూలు మిల్లు కార్మికురాలిని, ముక్కలుగా నరికి చంపారు. అది కూడా ఈ చరిత్రే.

ఇది మన దగ్గరే కాదు. 1989 జనవరి 1న ఢిల్లీ పక్కన సాహిబాబాద్‌లో, అచ్చం మా పటాన్‌చెరులాంటి ఫ్యాక్టరీల పేటలో, సఫ్దర్ హష్మీ బృందం కార్మికుల కోసం హల్లాబోల్ అనే వీధినాటకం ఆడుతుంటే దాడి చేశారు. హష్మీ మరుసటి రోజు చనిపోయాడు. ఆ కేసులో శిక్షలు పడటానికి 2003 దాకా పట్టింది. చిలీలో 1973 సెప్టెంబరులో విక్టర్ హారా అనే గాయకుణ్ణి సైనికులు స్టేడియంలో చిత్రహింసలు పెట్టి చంపారు. ఆ దేశపు సుప్రీంకోర్టు మాజీ సైనికాధికారుల శిక్షల్ని ఖరారు చేసింది 2023 ఆగస్టులో. యాభయ్యేళ్ళ తర్వాత! గద్దర్ చనిపోయింది కూడా అదే నెలలో. అక్కడ యాభయ్యేళ్ళకైనా తేలింది. ఇక్కడ ఆ ప్రశ్న అడిగేవాళ్ళే లేరు.

తర్వాతి సంగతులు మీలో చాలామందికి తెలుసు కాబట్టి త్వరగా చెప్పేస్తాను. 2004లో వైఎస్ ప్రభుత్వంతో నక్సలైట్ల శాంతి చర్చలప్పుడు వరవరరావు, కళ్యాణరావులతో పాటు గద్దర్ కూడా ప్రతినిధిగా ఉన్నాడు. చర్చలు నిలబడలేదు. తెలంగాణ ఉద్యమంలో ఆయన పాట లేని సభ ఉండేది కాదు. 2010లో తెలంగాణ ప్రజాఫ్రంట్ పెట్టాడు. 2014లో రాష్ట్రం వచ్చింది. 2017లో మావోయిస్టు రాజకీయాలకి దూరమయ్యానని ప్రకటించాడు. జీవితమంతా ఎన్నికలు బూటకమని పాడినవాడు 2018 డిసెంబరులో మొదటిసారి ఓటేశాడు. గొంగడి పోయి కోటొచ్చింది, చేతిలో కర్రకి బదులు రాజ్యాంగం పుస్తకమొచ్చింది. గుళ్ళకెళ్ళాడు, కాంగ్రెస్ వేదికలెక్కాడు, 2023 జూన్‌లో సొంత పార్టీ ప్రకటించాడు. ఆ ఆగస్టు 6న అమీర్‌పేటలోని ఆస్పత్రిలో కన్నుమూశాడు.

ఇప్పుడు ఆ దీర్ఘం సంగతి. 1990లో పోలీసు రికార్డుల దృష్టిలో ఆయన దేశానికి గద్దార్. 2018 తర్వాత పాత సహచరుల్లో కొందరి దృష్టిలో విప్లవానికి గద్దార్. మధ్యలో కొన్నాళ్ళు మాత్రం అందరికీ గద్దర్. నాకైతే ఆ చివరి సంవత్సరాలు ద్రోహంలా కనిపించవు. డెబ్బయ్యేళ్ళొచ్చాక ఒక మనిషి తన దారి పనిచెయ్యలేదని ఒప్పుకుని, అంబేద్కర్ రాసిన పుస్తకం చేతిలో పట్టుకోవడం తప్పెందుకవుతుంది? మనం వారానికోసారి కోడు రోల్‌బ్యాక్ చేస్తాం, ఎవరూ ద్రోహి అనరు. నా ఫిర్యాదు వేరే. రోల్‌బ్యాక్ చేసినప్పుడు ఏం పగిలిందో రాసిపెట్టాలి. ఆ పాత దారిలో వెళ్ళి తిరిగి రాని పిల్లల గురించి ఆయన చివర్లో నోరు విప్పి పూర్తిగా ఒక లెక్క చెప్పి ఉంటే, మా వీధి చివరి ముసలమ్మకి కొంచెం ఊరటగా ఉండేదేమో.

ఇక ప్రభుత్వాల సంగతి చూడండి. 2023 ఆగస్టు 7న ప్రభుత్వ లాంఛనాలతో అంత్యక్రియలు జరిగాయి, అల్వాల్‌లో ఆయన పెట్టిన మహాబోధి స్కూలు ఆవరణలో. పోలీసులు గాల్లోకి పేల్చి వందనం చేశారు. ఒక బుల్లెట్ ఒంట్లో ఉన్న మనిషికి! 1995లో ఒరేయ్ రిక్షా సినిమాలో అన్నాచెల్లెళ్ళ పాటకి నంది అవార్డు ప్రకటిస్తే తీసుకోనన్నాడు. 2024 జనవరిలో ఆ నందుల స్థానంలోనే గద్దర్ అవార్డులని ప్రకటించారు. 2025 జూన్ 14న హైటెక్స్‌లో మొదటిసారి ఇచ్చారు. తిరస్కరించిన అవార్డుకి తిరస్కరించినవాడి పేరే పెట్టడం మనకే చెల్లింది. అదే 2024 జనవరిలో అప్పటి తెల్లాపూర్ మున్సిపాలిటీలో ఆయన విగ్రహానికి అనుమతిచ్చారు. తెల్లాపూర్ అంటే మా సంగారెడ్డి జిల్లాలోనిదే, మీలో సగం మందికి ఫ్లాట్ ఉన్న చోటే.

గద్దర్ అవార్డులిచ్చిన పదహారు రోజులకి, 2025 జూన్ 30న, పాశమైలారంలో ఒక మందుల ముడిసరుకు ఫ్యాక్టరీలో పేలుడు జరిగింది. 50 మందికి పైగా చనిపోయారు. కొందరి ఆనవాళ్ళు కూడా దొరకలేదు. చాలామంది బీహార్, ఉత్తరప్రదేశ్, ఒడిశాల నుంచి వచ్చినవాళ్ళు. టీవీలో ఫ్యాక్టరీ గేటు బయట ఫోటోలు పట్టుకుని నిలబడ్డ ఆడవాళ్ళని చూస్తూ నాయిన చాలాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత అన్నాడు, "గద్దరుంటే ఈ పాటికి పాట వచ్చేది."

నేను పైకి అనలేదు గానీ, వచ్చినా ఎవరికి అర్థమయ్యేది అనుకున్నాను. ఆయన బలమంతా వినేవాళ్ళకి బాణీ ముందే తెలిసుండటంలో ఉంది. పాశమైలారం కూలీ ఇప్పుడు భోజ్‌పురిలో ఏడుస్తాడు, ఒడియాలో ఏడుస్తాడు. వాడి తల్లి జోలపాట మనకి రాదు. మన బతుకమ్మ వాడికి రాదు. ఫ్యాక్టరీ అదే, వాగు అదే, పని చేసే చేతులు మారాయి. వాళ్ళ మధ్య నుంచే ఒకడు లేస్తాడేమో, వాడి దగ్గర క్యాసెట్‌కి బదులు ఫోనుంటుందేమో. లేచినా మనకి తెలుస్తుందా అన్నది నాకున్న అనుమానం. మన ఫ్లాట్ బాల్కనీకీ వాళ్ళ రేకుల షెడ్డుకీ మధ్య దూరం కొన్ని కిలోమీటర్లే.

ఆ నాలుగు క్యాసెట్లనీ డిజిటల్‌లోకి మార్చాను. నాయిన ఫోన్లో వేశాను. ఫైళ్ళకి ఏం పేరు పెట్టమంటావని అడిగితే కాసేపు ఆలోచించి, "ఒకటి, రెండు, మూడు, నాలుగు అనే పెట్టు" అన్నాడు. అలాగే పెట్టాను.